మలేసియాలో రాయబార కార్యాలయంతో పని పడితే: ముందు ఏ గడప, తర్వాత ఏ గడప

మలేసియా ప్రభుత్వ శాఖలు 1999 నుంచి ఒక్కొక్కటిగా కౌలాలంపూర్ వదిలి, కొత్త పాలనా నగరమైన పుత్రజయకు తరలివెళ్లాయి. విదేశీ రాయబార కార్యాలయాలు మాత్రం దాదాపుగా అన్నీ కౌలాలంపూర్‌లోనే ఉండిపోయాయి. విస్మా పుత్ర అని అక్కడ అందరూ పిలిచే విదేశాంగ శాఖ, ఇమిగ్రేషన్ శాఖ ప్రధాన కార్యాలయం పుత్రజయలో ఉంటే, మీ పాస్‌పోర్టు చూసే అధికారి కౌలాలంపూర్‌లో ఉంటాడు. మీ పని ఈ రెండు ఊళ్లలో ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో ముందుగా తెలిస్తే ఒకటి రెండు రోజుల సెలవుతో సరిపోతుంది. తెలియకపోతే వారం రోజుల కూలి పోగొట్టుకున్నా కాగితం చేతికి రాదు. హోటళ్లలోనూ కట్టడం పనుల్లోనూ కష్టపడే మన జిల్లాల వారికి ఒక రోజు కూలి ఎంత విలువైనదో తెలుసు కనుకనే ఈ వివరాలను వరసలో పెట్టి రాస్తున్నాను. విద్యార్థులకు, ఉద్యోగులకు, నాలుగు రోజుల పర్యటనకు వెళ్లినవారికి కూడా వరస ఇదే.

ముందు సరైన కార్యాలయాన్ని గుర్తించండి

మొదట పేరు తెలుసుకోవాలి. కామన్వెల్త్ కూటమిలోని దేశాలు ఒకదాని రాజధానిలో మరొకటి నెలకొల్పుకునే దౌత్య కార్యాలయాన్ని హైకమిషన్ అంటారు, దాని అధిపతిని హైకమిషనర్ అంటారు. భారత్, బ్రిటన్, ఆస్ట్రేలియా, సింగపూర్, శ్రీలంక, బంగ్లాదేశ్, పాకిస్తాన్ దేశాలకు కౌలాలంపూర్‌లో ఉన్నవి హైకమిషన్లు. అమెరికా, చైనా, జపాన్, థాయిలాండ్, ఇండోనేషియా దేశాలవి రాయబార కార్యాలయాలు. పనిలో తేడా ఏమీ లేదు, పేరులోనే తేడా. అయితే ఆన్‌లైన్‌లో ‘భారత రాయబార కార్యాలయం, కౌలాలంపూర్’ అని వెతికితే ఏజెంట్లు నడిపే వెబ్‌సైట్లు ముందు కనబడే అవకాశం ఉంది కనుక, ‘భారత హైకమిషన్’ అని వెతకడం మంచిది. మలయ్ భాషలో హైకమిషన్‌ను సురుహాన్‌జయ తింగ్గి అని, రాయబార కార్యాలయాన్ని కెదుతాఆన్ అని, కాన్సులేట్‌ను కొన్సులాత్ అని అంటారు. టాక్సీ డ్రైవరుకో పోలీసుకో చెప్పేటప్పుడు ఈ మూడు మాటలు నోటికి వస్తే చాలా శ్రమ తగ్గుతుంది.

తర్వాత చిరునామా. జలన్ అంపాంగ్, జలన్ తున్ రజాక్ అనే రెండు పెద్ద రోడ్ల మీద, వాటిని ఆనుకున్న వీధుల్లో చాలా దేశాల కార్యాలయాలు ఉన్నాయి. చైనా, థాయిలాండ్ కార్యాలయాలు అంపాంగ్ రోడ్డు మీద, అమెరికా, ఇండోనేషియా, సింగపూర్ కార్యాలయాలు తున్ రజాక్ రోడ్డు మీద ఉంటాయి. భారత హైకమిషన్ మాత్రం ఈ చుట్టుపక్కల ఉండదు. అది నగరంలో మరో వైపున, మోంట్ కియారా ప్రాంతంలో, మెనారా 1 మోంట్ కియారా అనే ఎత్తయిన భవనంలో ఉంది. కార్యాలయాలు మారుతూ కూడా ఉంటాయి. అంపాంగ్ రోడ్డు మీద ఎన్నో ఏళ్లు ఉన్న బ్రిటిష్ హైకమిషన్ ఆ తర్వాత మెనారా బింజాయ్ అనే భవనానికి మారింది. కాబట్టి స్నేహితుడు ఎప్పుడో వెళ్లివచ్చిన చిరునామాను నమ్మి బయలుదేరకుండా, ఆ కార్యాలయపు సొంత వెబ్‌సైట్‌లో ఆ వారమే ఒకసారి చూసుకోండి. భారత ప్రభుత్వ దౌత్య కార్యాలయాల వెబ్‌సైట్ చిరునామా చివర ‘గవ్ డాట్ ఇన్’ అని ఉంటుంది. అది లేని చోట మీ పాస్‌పోర్టు నంబరు గాని, కార్డు వివరాలు గాని ఇవ్వకండి.

మూడో సంగతి పరిధి. కొన్ని దేశాలకు కౌలాలంపూర్ బయట కూడా కాన్సులేట్లు ఉన్నాయి. పెనాంగ్‌లో థాయిలాండ్, ఇండోనేషియా, జపాన్, చైనా దేశాల కాన్సులేట్ జనరల్ కార్యాలయాలు ఉన్నాయి. జొహోర్ బారులో సింగపూర్, ఇండోనేషియా దేశాలవి, సరిహద్దు పట్టణమైన కోత బారులో థాయిలాండ్‌ది, కోత కినబాలు, కుచింగ్ నగరాల్లో బ్రూనై, ఇండోనేషియా, చైనా దేశాలవి ఉన్నాయి. ఇండోనేషియా కూలీలు పెద్ద సంఖ్యలో పనిచేసే సబా రాష్ట్రంలో, తవావ్ పట్టణంలో ఆ దేశం మరొక కాన్సులేట్‌ను కూడా నడుపుతోంది. తన మనుషులు ఎక్కడుంటే అక్కడ ఒక గడప ఉండాలన్న ఆ పద్ధతి నాకు ఎంతో నచ్చుతుంది. భారతీయులకు మాత్రం దేశమంతటికీ కౌలాలంపూర్‌లోని హైకమిషనే ఆధారం. పెనాంగ్‌లోనో ఇపోలోనో ఉండే భారతీయులు, తమ ఊరి దగ్గర కాన్సులర్ శిబిరం పెడుతున్నట్లు హైకమిషన్ ప్రకటించిందేమో ముందు చూసుకుని, లేదంటేనే ప్రయాణం పెట్టుకోవాలి.

కొన్ని ఊళ్లలో గౌరవ కాన్సుల్ అన్న బోర్డు కనబడుతుంది. ఆయన సాధారణంగా స్థానికంగా స్థిరపడిన వ్యాపారి లేక న్యాయవాది, పూర్తికాలపు దౌత్యాధికారి కాడు. చాలా సందర్భాల్లో పాస్‌పోర్టు ఇచ్చే అధికారం ఆయనకు ఉండదు గనుక ఫోన్ చేసి అడగకుండా వెళ్లవద్దు. ఇక ప్రతి దేశానికీ కౌలాలంపూర్‌లో కార్యాలయం ఉండదు. ఇజ్రాయెల్‌తో మలేసియాకు దౌత్య సంబంధాలే లేవు. మరికొన్ని చిన్న దేశాల పనులను పొరుగు రాజధానుల్లోని వాటి రాయబారులు చూస్తారు. విస్మా పుత్ర వెబ్‌సైట్‌లో మలేసియాలోని విదేశీ కార్యాలయాల జాబితా ఉంటుంది. మీకు కావలసిన దేశం అందులో ఎక్కడ ఉందో చూసుకోవడమే అన్నిటికంటే నమ్మకమైన మార్గం.

ఏం అడగవచ్చు, ఏం అడగకూడదు

రాయబార కార్యాలయాల హోదాను 1961 నాటి వియన్నా ఒప్పందం, కాన్సులేట్ల పనులను 1963 నాటి మరో వియన్నా ఒప్పందం నిర్ణయిస్తాయి. రెండో దానిలోని ఐదో అధికరణం కాన్సులర్ అధికారి చేయవలసిన పనులను వరసగా చెబుతుంది. తన పౌరులకు పాస్‌పోర్టులు ఇవ్వడం, వారి దేశానికి వచ్చేవారికి వీసాలు ఇవ్వడం, జనన మరణాలు నమోదు చేయడం, నోటరీ పనులు చేయడం, ఆపదలో ఉన్న పౌరులకు సాయపడడం అందులో ముఖ్యమైనవి. ఆ ఆవరణలోకి మలేసియా పోలీసులు అనుమతి లేకుండా అడుగుపెట్టకూడదన్న మాట నిజమే. అయినా ఆ నేల మలేసియాదే. లోపలికి వెళ్తే మలేసియా చట్టం వర్తించదని కొందరు అనుకుంటారు, అది పొరపాటు. మీ వీసా గడువును హైకమిషన్ పొడిగించలేదు, మీ యజమాని మీద కేసు నడపలేదు, కోర్టు వేసిన శిక్షను తగ్గించలేదు. అవన్నీ మలేసియా శాఖల పనులు. ఇది తెలియక కౌంటర్ దగ్గర అధికారితో వాదించి రోజు పోగొట్టుకున్నవారిని చూశాను. అధికారి చేయగల పనిని స్పష్టంగా అడిగితే ఆ రోజే దారి దొరికేది.

బయలుదేరే ముందు

చాలా కార్యాలయాలు ముందుగా ఆన్‌లైన్‌లో అపాయింట్‌మెంట్ తీసుకుంటేనే లోపలికి పంపుతాయి. పాస్‌పోర్టు, వీసా దరఖాస్తులను కొన్ని దేశాలు బయటి కేంద్రాలకు అప్పగించాయి గనుక, మీరు వెళ్లవలసింది రాయబార కార్యాలయానికా, ఆ కేంద్రానికా అన్నది వెబ్‌సైట్‌లో చూసి నిర్ధారించుకోండి. సెలవుల విషయం చాలామంది మరిచిపోతారు. దౌత్య కార్యాలయం తన దేశపు పండుగలకూ సెలవే, ఉన్న దేశపు పండుగలకూ చాలావరకు సెలవే. భారత హైకమిషన్ జనవరి 26న, ఆగస్టు 15న, అక్టోబరు 2న మూసి ఉంటుంది. మలేసియా స్వాతంత్ర్య దినమైన ఆగస్టు 31న కూడా మూసే ఉంటుందనుకుని ప్రయాణం పెట్టుకోవాలి. కెలంతన్, తెరెంగాను, కెదా రాష్ట్రాల్లో వారాంతం శుక్ర, శనివారాలు. అక్కడి నుంచి వచ్చేవారు ఆదివారం తమకు పనిదినమే కదా అనుకుని కౌలాలంపూర్ చేరితే తలుపులు మూసి ఉంటాయి. మలేసియా ప్రభుత్వ కార్యాలయాల్లో శుక్రవారం మధ్యాహ్నం నమాజు కోసం విరామం ఎక్కువసేపు ఉంటుంది కాబట్టి, పుత్రజయ పనిని శుక్రవారానికి పెట్టుకోకపోవడం మేలు.

కాగితాల్లో మన తెలుగువారికి ప్రత్యేకంగా ఎదురయ్యే చిక్కు ఇంటిపేరుది. పదో తరగతి మెమోలో ఇంటిపేరు పొడి అక్షరంగా, పాస్‌పోర్టులో పూర్తిగా, మలేసియా పత్రాల్లో మొత్తం ఒకే పేరుగా ఉండడం మామూలే. మలయ్ ఫారాల్లో ‘నామ’ అన్న ఒక్క గడి మాత్రమే ఉంటుంది, ఇంటిపేరుకు వేరే గడి ఉండదు. ఏ ఫారం నింపినా పాస్‌పోర్టులో ఏ వరసలో, ఏ అక్షరాలతో ఉందో అదే రాయండి. పత్రాల మధ్య తేడా ఉంటే, రెండు పేర్లూ ఒకే వ్యక్తివని ప్రమాణ పత్రం అడుగుతారేమో ముందే కనుక్కోండి. అసలు పత్రాలతో పాటు ప్రతి దానికీ రెండేసి జిరాక్సు కాపీలు, ఆ కార్యాలయం చెప్పిన కొలతలో ఫోటోలు, రుసుము ఏ రూపంలో తీసుకుంటారో చూసుకుని ఆ రూపంలో డబ్బు సిద్ధంగా ఉంచుకోండి. ఫోన్లు, పెద్ద సంచులు లోపలికి అనుమతించని కార్యాలయాలు కొన్ని ఉన్నాయి. అందువల్ల ముఖ్యమైన నంబర్లన్నీ ఒక కాగితం మీద రాసుకోవడం అవసరం.

పాస్‌పోర్టు పోతే

ఇక్కడ వరస తప్పితే మొత్తం పని మళ్లీ మొదటికి వస్తుంది. మొదటి గడప పోలీసు స్టేషన్, అంటే బలాయ్ పోలిస్. పోయిన చోటికి దగ్గరలో ఉన్న స్టేషన్‌లో ఆ రోజే రిపోర్టు రాయించండి. రిపోర్టు మలయ్ భాషలో ఉంటుంది. అందులో మీ పాస్‌పోర్టు నంబరు, పేరు, పోయిన తేదీ సరిగా పడ్డాయో లేదో అక్కడే నిలబడి చూసుకుని, కాపీ తీసుకోండి. పోలీసు రిపోర్టు లేకుండా హైకమిషన్‌కు వెళ్తే మిమ్మల్ని మళ్లీ పోలీసు స్టేషన్‌కే పంపుతారు.

రెండో గడప భారత హైకమిషన్ కాన్సులర్ విభాగం. ఇక్కడ మీరు ఒక నిర్ణయం తీసుకోవాలి. వెంటనే ఇంటికి వెళ్లిపోవడం మీ ఉద్దేశమైతే ఎమర్జెన్సీ సర్టిఫికెట్ అడగాలి. అది ఒక్కసారి, భారత్‌కు మాత్రమే ప్రయాణించడానికి పనికివచ్చే పత్రం. దానితో మరో దేశం మీదుగా తిరిగి వెళ్లాలనుకుంటే కుదరకపోవచ్చు గనుక నేరుగా వెళ్లే విమానం చూసుకోవాలి. కౌలాలంపూర్ నుంచి హైదరాబాద్‌కు నేరుగా విమానాలు ఉండడం మనవారికి కలిసివచ్చే విషయం. అలా కాక, ఉద్యోగమో చదువో కొనసాగించవలసి ఉంటే, కొత్త పాస్‌పోర్టుకు దరఖాస్తు చేయాలి. అందుకు ఎక్కువ కాలం పడుతుంది, ఎందుకంటే పాత వివరాలను భారత్‌లోని పాస్‌పోర్టు కార్యాలయంతో సరిచూసుకుంటారు. పోయిన పాస్‌పోర్టు మొదటి, చివరి పేజీల కాపీలు, మలేసియా ప్రవేశ ముద్ర లేక పాస్, అంటే అక్కడ ఉండడానికి ఇచ్చిన అనుమతి, ఉన్న పేజీ కాపీ ఉంటే ఈ పని చాలా వేగంగా కదులుతుంది. ఇది చదువుతున్నవారు ఆ పేజీలను ఇప్పుడే ఫోటో తీసి ఇంట్లో ఒకరికి పంపి ఉంచితే మంచిది.

మూడో గడప మలేసియా ఇమిగ్రేషన్ శాఖ, చాలామంది మరిచేది ఇదే. ఎమర్జెన్సీ సర్టిఫికెట్ చేతికి రాగానే విమానాశ్రయానికి పరుగెత్తితే, మీరు దేశంలోకి చట్టబద్ధంగా ఎప్పుడు వచ్చారన్న ఆధారం ఆ పత్రంలో ఉండదు కనుక అక్కడ ఆపేయవచ్చు. ఇమిగ్రేషన్ కార్యాలయంలో ఆ పత్రం, పోలీసు రిపోర్టు, విమాన టికెట్ చూపించి స్పెషల్ పాస్ అనే తాత్కాలిక అనుమతి తీసుకున్న తర్వాతే ప్రయాణం. కొత్త పాస్‌పోర్టు తీసుకున్నవారు కూడా ఆ కార్యాలయానికే వెళ్లి, తమ వర్క్ పాస్ లేక స్టూడెంట్ పాస్‌ను కొత్త నంబరుకు మార్పించుకోవాలి. అది చేయకపోతే చేతిలో పాస్‌పోర్టు ఉన్నా, పాస్ వివరాలు మాత్రం పాత నంబరు మీదే ఉండిపోతాయి.

సబా, సరవాక్ రాష్ట్రాల్లో పాస్‌పోర్టు పోయినవారికి ఒక అదనపు చిక్కు ఉంది. ఆ రెండు రాష్ట్రాలకు ఇమిగ్రేషన్ విషయంలో ప్రత్యేక అధికారాలు ఉండడం వల్ల, దేశం లోపలే కౌలాలంపూర్‌కు వెళ్లే విమానం ఎక్కేటప్పుడు కూడా తనిఖీ ఉంటుంది. అందువల్ల అక్కడ రిపోర్టు రాయించిన వెంటనే, కౌలాలంపూర్ ఎలా చేరాలో స్థానిక ఇమిగ్రేషన్ కార్యాలయంలోనూ, ఫోన్‌లో హైకమిషన్‌ను కూడా అడిగి తెలుసుకున్న తర్వాతే టికెట్ కొనండి.

పాస్‌పోర్టు యజమాని దగ్గర ఉంటే

దీన్ని పోయిన పాస్‌పోర్టుగా రాయించకండి. అది అబద్ధపు రిపోర్టు అవుతుంది, తర్వాత మీకే ముప్పు. మలేసియాలో 1966 నాటి పాస్‌పోర్టుల చట్టం ప్రకారం చట్టబద్ధమైన అధికారం లేకుండా మరొకరి పాస్‌పోర్టును దగ్గర ఉంచుకోవడం నేరం. జీతం ఎగ్గొట్టడం వంటివి కార్మిక శాఖకు, అంటే జబాతన్ తెనాగ కెర్జకు ఫిర్యాదు చేయవలసిన విషయాలు. రెంటికీ ముందుగా హైకమిషన్‌లోని కార్మిక విభాగానికి గాని, కౌలాలంపూర్‌లో భారత ప్రభుత్వం నడిపే ప్రవాసీ భారతీయ సహాయతా కేంద్రానికి గాని చెప్పండి. కంపెనీ పేరు, చిరునామా, మిమ్మల్ని పంపిన ఏజెంటు పేరు, ఒప్పంద పత్రం, జీతం పడిన తేదీలు ఒక కాగితం మీద వివరంగా రాసి ఇస్తే మీ మాటకు బలం వస్తుంది. 2015లో భారత ప్రభుత్వం ప్రారంభించిన మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేసి నంబరు తీసుకుంటే, ఊళ్లో ఉన్న మీ కుటుంబం కూడా దాని సంగతి కనుక్కోవచ్చు. ఆంధ్రప్రదేశ్ వారికి ఏపీఎన్ఆర్‌టీ సొసైటీ, తెలంగాణ వారికి ఆ రాష్ట్ర సచివాలయంలోని ఎన్ఆర్ఐ విభాగం కూడా ఉన్నాయి. అవి హైకమిషన్‌కు బదులు కావు, హైకమిషన్ వరకు మీ మాట చేర్చే మరో దారి.

ఈ సందర్భంలో ఒక విషయం స్పష్టంగా చెప్పాలి. 2023 డిసెంబరు 1 నుంచి భారతీయులు వీసా లేకుండా 30 రోజులు మలేసియాలో ఉండే వెసులుబాటు వచ్చింది. అది పర్యటనకు, బంధువులను చూడడానికి మాత్రమే, పని చేయడానికి కాదు. మన పాస్‌పోర్టు మీద ఈసీఆర్, అంటే ఉద్యోగానికి వెళ్లేముందు ఎమిగ్రేషన్ తనిఖీ అవసరమన్న ముద్ర ఉంటే, మలేసియాలో ఉద్యోగానికి వెళ్లడానికి భారత ప్రభుత్వపు ఈ-మైగ్రేట్ పోర్టల్ ద్వారా ఎమిగ్రేషన్ అనుమతి తప్పనిసరి. ‘ముందు విజిట్ మీద వెళ్లు, అక్కడ పాస్ మార్పిస్తాం’ అన్న ఏజెంటు మాట విని వెళ్లి, గడువు దాటి దొరికినవారికి అక్కడి చట్టంలో ఐదేళ్ల వరకు జైలు శిక్ష ఉంది. అలా చిక్కుకున్నవారు కూడా హైకమిషన్‌కు రావడానికి భయపడకూడదు. గడువు దాటినవారు స్వదేశం చేరడానికి ఇమిగ్రేషన్ శాఖ ఎప్పటికప్పుడు ప్రకటించే స్వచ్ఛంద పథకాలు ఏవైనా అమలులో ఉన్నాయేమో అక్కడే నేరుగా అడిగి తెలుసుకోవచ్చు, మధ్యవర్తికి డబ్బు ఇవ్వనక్కరలేదు.

అరెస్టయితే

1963 ఒప్పందంలోని 36వ అధికరణం ఈ సమయంలో మీకు అండ. పట్టుబడిన విదేశీయుడికి తన దేశ కాన్సులర్ అధికారులతో మాట్లాడే హక్కు ఉందని పోలీసులు చెప్పాలి, అతడు కోరితే జాప్యం లేకుండా ఆ కార్యాలయానికి తెలియజేయాలి. పాకిస్తాన్ అరెస్టు చేసిన భారతీయుడు కుల్‌భూషణ్ జాధవ్ కేసులో అంతర్జాతీయ న్యాయస్థానం 2019 జులైలో పాకిస్తాన్‌ను తప్పుపట్టింది ఈ అధికరణం ఆధారంగానే. మీరు చేయవలసింది ఒక్కటే: నేను భారతీయుడిని, మా హైకమిషన్‌కు తెలియజేయండి అని స్పష్టంగా, అవసరమైతే పదేపదే కోరడం. మీరు కోరకపోతే వారు చెప్పనక్కరలేకపోవచ్చు. అర్థం కాని భాషలో ఉన్న కాగితం మీద సంతకం పెట్టకండి, అనువాదకుడిని అడగండి. అధికారులు వచ్చి మిమ్మల్ని కలవగలరు, కుటుంబానికి కబురు చేయగలరు, న్యాయవాదుల జాబితా ఇవ్వగలరు. నిజంగా దిక్కులేని స్థితిలో ఉన్నవారికి 2009లో ఏర్పాటైన భారతీయ సమాజ సంక్షేమ నిధి నుంచి న్యాయ సహాయానికో, తిరుగు టికెట్టుకో సాయం అడగవచ్చు. అర్హతను పరిశీలించే ఇస్తారు గనుక ఆదాయ వివరాలు, ఇంటి పరిస్థితి నిజాయితీగా రాయండి.

పత్రాల ధ్రువీకరణ

భారత్‌లో జారీ అయిన డిగ్రీ, పెళ్లి, జనన పత్రాలు మలేసియాలో చెల్లాలన్నా, అక్కడివి ఇక్కడ చెల్లాలన్నా, సంతకం నిజమైనదేనని మెట్టు మెట్టుగా ధ్రువీకరించుకుంటూ వెళ్లాలి. 2005 నుంచి భారత్‌లో అమలులో ఉన్న అపాస్టిల్ పద్ధతి, అంటే ఒక అంతర్జాతీయ ఒప్పందం కింద ఒకే ధ్రువీకరణతో పత్రం చెల్లే పద్ధతి, రెండు దేశాలూ ఆ ఒప్పందంలో ఉన్నప్పుడే పనిచేస్తుంది. సింగపూర్, ఇండోనేషియా, ఫిలిప్పీన్స్ చేరాయి కదా అని మలేసియాకు కూడా అదే చాలనుకోవద్దు. మలేసియా విషయంలో పాత పద్ధతినే అడుగుతారు. మలేసియా పత్రమైతే ముందు పుత్రజయలో విస్మా పుత్ర కాన్సులర్ విభాగం ముద్ర, ఆ తర్వాతే కౌలాలంపూర్‌లో మీ దేశపు కార్యాలయం ముద్ర. రెండు పనులకు రెండు రోజులు వేరువేరుగా పెట్టుకోండి. మలయ్ భాషలో ఉన్న పత్రానికి ఆంగ్ల అనువాదం కావాలా, ఎవరు చేసినది చెల్లుతుంది అన్నది హైకమిషన్‌ను అడిగిన తర్వాతే డబ్బు ఖర్చుపెట్టండి.

బిడ్డ అక్కడ పుడితే ఒక గడువు గుర్తుంచుకోవాలి. తల్లిదండ్రులు భారతీయులైనప్పుడు, మలేసియా జనన పత్రం తీసుకుని ఏడాది లోపు హైకమిషన్‌లో పుట్టుక నమోదు చేయించాలి. ఏడాది దాటితే కేంద్ర ప్రభుత్వ అనుమతి అవసరమై వ్యవహారం సుదీర్ఘమవుతుంది.

మరో దేశపు వీసాకు

కౌలాలంపూర్‌లోని మూడో దేశపు కార్యాలయంలో వీసా అడిగేవారు మొదట అడగవలసిన ప్రశ్న: నేను ఇక్కడ దరఖాస్తు చేయడానికి అర్హుడినేనా? హైదరాబాద్‌లో అమెరికా వీసా ఇంటర్వ్యూ తేదీ దొరక్క ఆగ్నేయాసియా నగరాలకు వెళ్లివచ్చే అలవాటు మనవారిలో కొంతకాలం నడిచింది. 2025 సెప్టెంబరులో అమెరికా విదేశాంగ శాఖ, వలసేతర వీసాల దరఖాస్తుదారులు తమ పౌరసత్వ దేశంలోగాని, నివసించే దేశంలోగాని దరఖాస్తు చేయాలని ప్రకటించింది. కాబట్టి మలేసియాలో వర్క్ పాస్ ఉన్నవారికి ఆ దారి ఉంది, విమానం దిగి రెండు రోజుల్లో తిరిగి వెళ్దామనుకునేవారికి లేదు. ఐరోపా షెంగెన్ వీసాకు కూడా చట్టబద్ధంగా నివసించే దేశంలోనే దరఖాస్తు చేయాలి. పలు దేశాలు తిరిగితే ఎక్కువ రోజులు ఉండే దేశపు కార్యాలయానికి, అన్నిచోట్లా సమానమైతే మొదట అడుగుపెట్టే దేశపు కార్యాలయానికి వెళ్లాలి. ప్రయాణానికి 6 నెలల కంటే ముందు కాదు, 15 రోజుల కంటే ఆలస్యం కాదు. అక్కడి నుంచి తిరిగివచ్చే తేదీ తర్వాత కనీసం 3 నెలలు పాస్‌పోర్టుకు గడువు ఉండాలి. మలేసియా పాస్ త్వరలో ముగిసిపోతుంటే ముందు దాన్ని పొడిగించుకుని, ఆ తర్వాత వీసా దరఖాస్తు పెట్టండి.

ఎవరైనా కన్నుమూస్తే

ఇది రాయడం కష్టమే, కాని ఆ ఘడియలో ఎవరికీ ఏమీ తోచదు కనుక వరస రాసి ఉంచుతున్నాను. మొదట పోలీసులకు, యజమానికి తెలియజేయాలి. ఆసుపత్రి నుంచి మరణ కారణం తెలిపే పత్రం, తర్వాత జాతీయ నమోదు శాఖ అయిన జబాతన్ పెండఫ్తారన్ నెగారాలో మరణ ధ్రువపత్రం తీసుకోవాలి. వాటితో పాటు మృతుడి పాస్‌పోర్టు, ఊళ్లో ఉన్న వారసుల సమ్మతి పత్రం హైకమిషన్‌కు ఇస్తే, పాస్‌పోర్టు రద్దు చేసి, భౌతికకాయాన్ని పంపడానికి అభ్యంతరం లేదన్న పత్రం ఇస్తారు. ఆపైన శరీరాన్ని భద్రపరిచిన పత్రం, విమాన కార్గో ఏర్పాట్లు. ఖర్చు భరించవలసింది యజమానేమో ఒప్పందంలో చూడండి. స్తోమత లేని కుటుంబమైతే సంక్షేమ నిధి నుంచి సాయం కోరుతూ హైకమిషన్‌కు రాతపూర్వకంగా అర్జీ పెట్టుకోవాలి. ఊరికి చేర్చే అంబులెన్సు కోసం విమానం బయలుదేరక ముందే రాష్ట్రంలోని ప్రవాసుల విభాగానికి చెప్పి ఉంచండి.

పని చేస్తుండగా జరిగిన ప్రమాదమైతే, విదేశీ కార్మికులకు 2019 జనవరి నుంచి వర్తిస్తున్న పెర్కెసో (మలేసియా సామాజిక భద్రతా సంస్థ) ప్రమాద బీమా కింద కుటుంబానికి రావలసింది ఉంటుంది. యజమాని నమోదు చేశాడో లేదో అడిగి, ప్రమాదం జరిగిన తీరు రాసిన పోలీసు రిపోర్టు కాపీ దగ్గర ఉంచుకోండి. భౌతికకాయంతో పాటు ఇంటికి బయలుదేరే బంధువు మరణ ధ్రువపత్రం ధ్రువీకరించిన కాపీలు నాలుగైదు వెంట తెచ్చుకోవాలి, వాటి మీద విస్మా పుత్ర ముద్ర, హైకమిషన్ ముద్ర అక్కడే వేయించుకోవాలి. ఊరికి వచ్చాక బ్యాంకు, బీమా, పొలం పాస్‌బుక్కు మార్పు, పింఛను, ఇలా ప్రతి చోటా ఒక్కో కాపీ అడుగుతారు. వాటి కోసం మళ్లీ కౌలాలంపూర్‌కు మనిషిని పంపగల స్తోమత ఆ ఇంటికి ఉండదు.